ఎడమ చెవి కింది ముడి

దయ్యం అని ఎవరైనా మాట ఎత్తితే నవ్వి ఊరుకునేదాన్ని నేను. చంద్రగిరి దగ్గర మా పల్లెలో, మా చేనికి దారి శ్మశానం పక్కనుంచే. చీకటి పడ్డాక గడ్డిమోపు నెత్తిన పెట్టుకుని ఒక్కదాన్నే వచ్చేదాన్ని. పాములకు భయపడ్డాను గానీ పోయినవాళ్లకు ఎప్పుడూ భయపడలేదు. ఇప్పటికీ నాకు జరిగినదాన్ని దయ్యం అనడానికి నోరు రాదు. ఇంకేమనాలో తెలియక జరిగింది జరిగినట్టు చెబుతున్నాను.

నాకు పెళ్లి ఆలస్యంగా అయింది. నాయనకు పక్షవాతం వచ్చి చేని పని నా మీద పడింది. వచ్చిన సంబంధాలన్నీ అలాగే వెనక్కి పోయాయి. చివరికి, రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో, ఒక రెండో పెళ్లి సంబంధం వచ్చింది. ఆయన చిత్తూరులో బెల్లం మండీలో గుమాస్తా. మొదటి భార్య సుజాత జ్వరంతో పోయింది. పిల్లలు లేరు. మనిషి నెమ్మదస్తుడన్నారు, సరేనన్నాను.

మాలో ఒక ఆచారం ఉంది. మొదటి భార్య పోయినవాణ్ణి చేసుకుంటే, కొత్త పెళ్లికూతురి మెడలో తాళితో పాటు సవతి బిళ్ళ అని ఇంకొకటి కడతారు. చిన్న బంగారు బిళ్ళ, దాని మీద రెండు పాదాలు చెక్కి ఉంటాయి. పోయిన మనిషి అందులో ఉంటుందని నమ్మకం. ముందు ఆమెకు కుంకుమ పెట్టి, ఆ తర్వాతే మనం పెట్టుకోవాలి. ఆ బిళ్ళను సుజాత తల్లి మునెమ్మ తెచ్చింది. తిరుపతి సత్రంలో తాళి కట్టడం అవగానే, వేరే పసుపుతాడుకు గుచ్చి, నా మెడ వెనక బిగించి ముడి వేసింది.

“ఇంక నువ్వూ నా బిడ్డవే తల్లీ. దీన్ని మాత్రం ఎప్పుడూ తియ్యొద్దు. ఆ పిల్ల ఇంక యాడికి పోతాది చెప్పు?” అంది.

తలూపాను. కానీ నా పెళ్లిరోజు కూడా నాకు సగమేనా అని లోపల అనిపించింది. అలా అనిపించినందుకు అక్కడే సిగ్గేసింది.

శోభనం మా ఇంట్లో. వేరుశెనగ మూటలు పేర్చే గదిని ఖాళీ చేసి, సున్నం కొట్టి, మంచం వేశారు. మల్లెపూలు ఎన్ని కట్టినా కాయల మట్టివాసన పోలేదు. గుమ్మం దగ్గర మా వదిన పాలగ్లాసు నా చేతికిచ్చింది.

“బయపడొద్దు మేయ్. ఆయప్ప అన్నీ తెలిసినోడు. నువ్వు ఊరికే కూసుంటే సాలు” అని నవ్వింది.

నా భయమే అది. అన్నీ తెలిసినవాడంటే, ప్రతిదానికీ నన్ను ఆమెతో పోల్చి చూస్తాడనే కదా. నా చేతులు చేనిపనితో మొద్దుబారి ఉన్నాయి. వయసూ ముదిరింది. ఏదో మొక్కుబడిగా పని ముగించుకుని అటు తిరిగి పడుకుంటాడనుకున్నాను.

తీరా చూస్తే ఆయన మంచం అంచున కూర్చుని చెమటలు కక్కుతున్నాడు. పాలు తీసుకుంటూ సగం పంచె మీద పోసుకున్నాడు. అంతలో కరెంటు పోయింది. గూట్లో దీపం ఒకటే మిగిలింది. ఆయన విసనకర్ర తీసుకుని నాకు విసరడం మొదలుపెట్టాడు.

“అందురూ నాకన్నీ తెలుసనుకుంటా ఉండారు. నాకేమో కాళ్లూ చేతులూ ఆడ్డంలేదు” అన్నాడు.

నాకు నవ్వు ఆగలేదు. ఆయనా నవ్వాడు. కాసేపు బెల్లం ధరలూ, మా ఎద్దుల సంగతీ మాట్లాడుకున్నాం. ఆ మాటల్లోనే మెల్లగా దగ్గరికి వచ్చి నా భుజం మీద తల పెట్టుకున్నాడు. బిళ్ళ చెంపకు తగిలింది. నిప్పు తగిలినట్టు ఉలిక్కిపడి వెనక్కి జరిగాడు.

నేను మెడ వెనక చేయి పెట్టి, ఆ ముడిని గోళ్లతో పీకి విప్పి, బిళ్ళను తాడుతో సహా గూట్లో దీపం పక్కన పెట్టాను.

“తీసేసినావా?” అన్నాడు మెల్లగా.

“గుచ్చుకుంటా ఉండాది” అన్నాను. అబద్ధమే.

ఆయన చాలాసేపు గూటి వైపు చూశాడు. “పోనీలే. ఈ పొద్దుకు ఆడనే ఉండనీ” అన్నాడు.

ఆ రాత్రి నేను భయపడినట్టూ లేదు, స్నేహితురాళ్లు చెప్పినట్టూ లేదు. తడబాట్లు, మోచేతులు తగలడాలు, నొప్పా అని ఆయన పదేపదే అడగడం, మంచం కిర్రుమంటే ఇద్దరం ఊపిరి బిగబట్టి బయటి అలికిడి వినడం. నేను సంతోషపడ్డాను. దాచడమెందుకు, చాలా సంతోషపడ్డాను. ఆ గూటి వైపు ఒక్కసారి కూడా చూడలేదు.

తెల్లవారి లేచేసరికి బిళ్ళ నా మెడలో ఉంది.

తలుపు గడియ లోపల వేసింది వేసినట్టే ఉంది. దీపం కొండెక్కింది, గూడు ఖాళీ. ఆయన గోడ వైపు తిరిగి నిద్రపోతున్నాడు. ఆయనే కట్టి ఉంటాడనుకున్నాను. రాత్రి చేసినదానికి మనసొప్పక, నేను నిద్రపోయాక కట్టేశాడు, అంతేగా! ముఖం ఎత్తలేకపోయాను. కాఫీ ఇస్తుంటే ఆయనా బిళ్ళను చూసి తల దించుకున్నాడు. నా అనుమానం గట్టిపడింది.

ఆ తర్వాత చిత్తూరు కాపురానికి పోయాం. ఒకే ఇంట్లో ఇద్దరు బాడుగవాళ్లలా ఉన్నాం. ఆయన నన్ను ముట్టుకోలేదు. నేనూ పిలవలేదు. పోయినదాని చోటు లాక్కోబోయానని ఆయన అసహ్యించుకుంటున్నాడనుకున్నాను. పుట్టింటికి పోదామని గుడ్డలు కూడా సర్దుకున్నాను.

పదహారు రోజుల పండుగకు తాళ్లు మార్చాలి. మునెమ్మ వచ్చింది. నన్ను పీట మీద కూర్చోబెట్టి ముడి కోసం మెడ వెనక తడిమింది. అక్కడ లేదు. పక్కకు తడిమి, చేయి ఆపేసింది.

“ఇది ఎవురు కట్టినారు?”

ఆవిడ నా తల పక్కకు వంచి చూసింది.

“నేను ఎనక గదా కట్టినాను. ఇది ఎడం చెవి కింద ఉండాది, తిరగేసిన ముడి.” ఆవిడ ముడి మీది చెయ్యి తియ్యలేదు. “దానిది, మా సుజాతది, పుర్రచెయ్యి. జడకైనా పావడాకైనా ఇట్లే ఏసేది. ఎన్నితూర్లు చెప్పినా ఇనేది గాదు ముండ...”

నేను ఆయన వైపు చూశాను. ఆయన నా వైపు చూశాడు. ఆయన ముఖంలో నెత్తురు లేదు. ఆయనది కుడిచెయ్యి. నాదీ కుడిచెయ్యే.

“నువ్వు కట్టుకోలేదా?” అన్నాడు ఆ సాయంత్రం. “తీసి తప్పు చేసినానని నువ్వే మళ్లీ కట్టుకున్నావనుకున్నా.”

“నువ్వు కట్టినావనుకున్నా నేను” అన్నాను. ఆయన గోడకానుకుని ఏడ్చాడు. సర్దిన గుడ్డలు ఆ రాత్రే తీసేశాను.

మునెమ్మ బిళ్ళను కొత్త తాడుకు గుచ్చి కట్టి, ఆ పాత తాడును కొంగున కట్టుకుని పోయింది. ఆ తర్వాత ఎన్నోసార్లు మా ఇంటికి వచ్చింది, నన్ను కన్నబిడ్డలా చూసింది. నేను తీశానమ్మా అని చెప్పాలని ప్రతిసారీ నోటిదాకా వచ్చేది. చెప్పలేదు. ఇప్పుడు ఆవిడా లేదు.

నిద్రలో ఆయనే కట్టాడేమో, నేనే కట్టుకున్నానేమో అని ఎన్నో విధాల ఆలోచించాను. కుడిచేత్తో ఆ ముడి వేసి చూశాను, రాలేదు. ఆమె నన్ను లేపకుండా, బిగించకుండా కట్టింది కాబట్టి కోపంతో కట్టి ఉండదని సర్దిచెప్పుకుంటాను. కొన్నాళ్లు నమ్ముతాను, కొన్నాళ్లు నమ్మలేను.

మళ్లీ ఎప్పుడూ దాన్ని తియ్యలేదు. మా ఆయన దగ్గరికి వచ్చినప్పుడు మాత్రం ఆయన చెంపకు తగలకుండా వీపు వైపు జరుపుకుంటాను. పొద్దున లేచేసరికి అది ముందుకు వచ్చి ఉంటుంది. నిద్రలో అటూ ఇటూ దొర్లితే వస్తుందిలే అనుకుంటాను. అయినా లేవగానే ముందు దానికి కుంకుమ పెట్టి, తర్వాతే నేను పెట్టుకుంటాను.