అమ్మ కొళాయి పిడి

మా అన్న అమ్మ బాత్రూములో కొళాయి పిడి ఊడదీసి పైకి పట్టుకుపోయిన రోజు నేను ఇంట్లో లేను. ఉండి ఉంటే అది ఆయన చేతిలోంచి లాక్కునేదాన్ని. పాఠాలు చెప్పి బడి నుంచి వచ్చేసరికి పని అయిపోయింది. పిడి ఉండాల్సిన చోట ఇత్తడి ముక్క ఒకటి పొడుచుకొచ్చి ఉంది. పక్కన బకెట్టు నిండా నీళ్ళు, మగ్గు. అమ్మ మంచం మీద కూర్చుని, నా ముఖం చూడకుండా, "బకెట్టు చాల్లేమే. నాకెన్ని నీళ్ళు కావాల" అంది.

కోవూరులో మాది రెండంతస్తుల ఇల్లు. కింద అమ్మ, నేను. పైన అన్న, వదిన. అన్నది చీరల వ్యాపారం. కొట్లో పట్టని మూటలు అమ్మ గదిని ఆనుకున్న గదిలో పేరుస్తాడు. అమ్మకు రెండేళ్ళుగా మతిమరుపు. నమాజుకు ముందు చేతులు, నోరు, ముఖం, కాళ్ళు కడుక్కుని వుజూ చేసుకుంటుంది కదా, చేసుకుని కొళాయి కట్టకుండా వచ్చేసేది. అలా మూడోసారి మరిచిపోయినప్పుడు నీళ్ళు గడప దాటి మూటల కిందికి పోయాయి. పెళ్ళివాళ్ళు ఎంచి పెట్టుకున్న చీరలు రంగు దిగిపోయాయి. అన్న కోపంలో న్యాయం ఉంది, కాదనను. కానీ పిడి ఊడదీయడంలో న్యాయం లేదు.

పొద్దున్నే వదిన పిడి తెచ్చి, తగిలించి, బకెట్టు నింపి, మళ్ళీ పిడి తీసుకుని పైకి వెళ్ళేది. వదిన చెడ్డది కాదు, పనిమంతురాలు. కానీ బకెట్టు మధ్యాహ్నానికే అయిపోయేది. ఒక ఆదివారం చూశాను. అమ్మ తల మీద ముసుగు సర్దుకుని, ఖాళీ మగ్గు పట్టుకుని, మెట్ల కింద నిలబడి ఉంది. పిలవడం లేదు. ఎవరైనా దిగుతారేమోనని చూస్తోంది. నా ఒళ్ళు మండిపోయింది. పుట్టి బుద్ధెరిగిన నాటి నుంచి తన నీళ్ళు తాను తోడుకున్న మనిషి అలా మెట్ల కింద మగ్గుతో నిలబడడమా!

గబగబా పైకి వెళ్ళి, "అన్నా, పిడి ఇటియ్యి" అన్నాను.

"మళ్ళా మూటలు తడిస్తే నువ్వొచ్చి ఆరబెడతావా?"

"తడవకుండా చేసే పూచీ నాది. నెల రోజులు గడువియ్యి."

ఆయన, నిన్ను చిన్నప్పటి నుంచి ఎరుగుదును కదా అన్నట్టు చూశాడు. "సరే. ఈసారి నీళ్ళు గడప దాటినాయంటే పిడి కాదు మే, కొళాయే పీకేసి పైపుకు మూత కొట్టిస్తా. ఇంక నువ్వు నన్నడగబాకు."

పంతం పట్టాను. మా బళ్ళో సైన్సు టీచరు చెబితే ఒక వాల్వు తెప్పించాను. ట్యాంకు నుంచి అమ్మ బాత్రూముకు దిగే పైపుకు దాన్ని బిగించి, నీళ్ళు ఒక్క విడతలో ఇన్ని నిమిషాలే పోవాలని ఫోనులో గడువు పెడితే, ఆ గడువు దాటగానే తనంతట తానే మూసుకుంటుంది. మూసుకున్నానని ఫోనుకు కబురు పెడుతుంది. దానికి తోడు అరచేతిలో పట్టే బిళ్ళ ఒకటి. నేల మీద పెడితే, తడి తగలగానే కూత పెడుతుంది, వాల్వునూ మూసేస్తుంది.

ప్లంబరు వచ్చి దాన్ని తిప్పి తిప్పి చూశాడు. "అక్కా, కారే కొళాయిలు శానా చూసినా గానీ, కొళాయికి బుద్ధి చెప్పే సామాను ఇదే చూడ్డం" అన్నాడు. మా బోరు నీళ్ళు ఉప్పు నీళ్ళు. పైపు కోస్తే లోపల తెల్లగా గార కట్టి ఉంది. "ఈ గారకు నీ వాల్వు ఆర్నెల్లు కూడా ఉండదక్కా, ఇరుక్కుపోతాది" అన్నాడు. అయితే వాల్వుకు ముందు గారను ఆపే జాలీ పెట్టు, పాత ముక్క తీసేసి కొత్త పైపు వెయ్యి అన్నాను. భోజనానికి పోయొస్తానంటే మా ఇంట్లోనే పెట్టాను. పోతే సాయంత్రం దాకా రాడని నాకు తెలుసు.

బిళ్ళను, దాంతో వచ్చిన కాగితంలో చెప్పినట్టే, బాత్రూము నేల మీద పెట్టాను. అమ్మ మగ్గు ముంచింది, అది అరిచింది. నేను కాళ్ళు కడుక్కున్నాను, అరిచింది. ఊరికే గోడ మీద చెమ్మ జారినా అరిచింది. అది ఏ దేశంలో తయారైందో గానీ, అక్కడ బాత్రూము నేల పొడిగా ఉంటుంది కాబోలు! మన ఇళ్ళల్లో బాత్రూము నేల పొడిగా ఉందంటే ఊళ్ళో నీళ్ళు రాలేదని అర్థం. పై నుంచి అన్న, "ఏంది మే ఆ గోల, పిల్లిని గాని పట్టినావా?" అని అరిచాడు. నవ్వితే నవ్వనీ అనుకుని, బిళ్ళను గడప బయట, మూటల పక్కన పెట్టాను. దాంతో నోరు మూసుకుంది.

ఇక మిగిలింది నిమిషాల గడువు. నేను లెక్కల టీచర్ని. వాచీ ఎదురుగా పెట్టుకుని నేనే వుజూ చేసుకున్నాను. రెండున్నర నిమిషాలు పట్టింది. అమ్మ పెద్దది కదా అని దాన్ని రెట్టింపు చేసి ఐదు నిమిషాలు పెట్టాను. అన్న దగ్గరి నుంచి పిడి తెచ్చి నా చేత్తో నేనే బిగించాను. "ఇంక నీ కొళాయి నీదేనమ్మా" అంటే, అమ్మ పిడిని తిప్పి, కట్టి, మళ్ళీ తిప్పింది. ఆ రోజు నుంచి బకెట్టు నింపడం మానేశాం.

మూడో రోజు మధ్యాహ్నం, స్టాఫ్ రూములో టిఫిన్ డబ్బా తెరుస్తుంటే ఫోను మోగింది. వాల్వు మూసుకుందని కబురు. నాకు ఎంత గర్వం! అమ్మ మరిచిపోయింది, నా మిషను మరిచిపోలేదు అనుకున్నాను. ఫోను అందరికీ తిప్పి తిప్పి చూపించాను. సైన్సు టీచరు, "ఇంకనేం, మీ అన్న నోరు మూయించేసినావు" అంది. ఫోనులో ఒక్కసారి నొక్కితే నీళ్ళు తిరిగి వచ్చేవి. సాయంత్రం పోయి చూద్దాంలే అనుకుని, పెరుగన్నం తిని, తొమ్మిదో తరగతికి వెళ్ళిపోయాను.

ఇంటికి వచ్చేసరికి ఐదు కావస్తోంది. అమ్మ గదిలో లేదు. బాత్రూములో ముక్కాలిపీట మీద కూర్చుని ఉంది. మోచేతుల దాకా మడిచిన రవికె చేతులు మడిచినట్టే ఉన్నాయి. ముఖం ఎప్పుడో ఆరిపోయింది. చీర కుచ్చిళ్ళు పైకి పట్టుకుని, రెండు పాదాలు కొళాయి కింద పెట్టుకుని కూర్చుంది.

"అమ్మా, ఎంతసేపైంది ఈడ?"

"కాళ్ళు మిగిలిపోయినాయి మే. నీళ్ళు నిలిపేసినారు."

"పిలవచ్చు కదమ్మా, వదిన పైనే ఉండె!"

"నిలిపేసినోళ్ళని ఏమని పిల్చేది?"

నాకు తల తీసేసినట్టయింది. మధ్యాహ్నం చేసే జొహర్ నమాజు వేళ దాటిపోయి, సాయంత్రపు అసర్ వేళ కూడా జరిగిపోతోంది. ఆమె మరిచిపోలేదు. నేనే, లెక్కల టీచర్ని, ఆమె వుజూను నా వాచీతో కొలిచాను. అన్న పిడి తీసేశాడని అంత గొంతు చించుకున్నదాన్ని, నేను చేసింది అంతకంటే ఘోరం. పిడి ఆమె చేతికిచ్చి, నీళ్ళు నా చేతిలో పెట్టుకున్నాను. ఏడుపొచ్చింది. ఏడుస్తూనే ఫోనులో నొక్కి నీళ్ళు వదిలాను. అమ్మ నా వైపు చూడనైనా లేదు. "బిస్మిల్లా" అని మళ్ళీ చేతుల నుంచి మొదలుపెట్టింది.

మర్నాడు బడికి సెలవు పెట్టాను. వాల్వు గడువు తీసేసి, వాచీ పట్టుకుని, గుమ్మం బయట నేల మీద కూర్చుని, నోరు మెదపకుండా అమ్మను చూశాను. చేతులు కడుక్కుంది, నోరు పుక్కిలించింది, ముఖం కడుక్కుంది. ఆగింది. ముఖం కడుక్కున్నానో లేదోనని అనుమానం. మళ్ళీ చేతుల నుంచి. మోచేతుల దాకా వచ్చింది, మళ్ళీ ఆగింది. తప్పు పోతే నమాజు చెల్లదని ఆమె భయం. మతి తప్పుతున్న కొద్దీ భక్తి తప్పకూడదని ఆమె పట్టుదల. నా పట్టుదల ఎక్కడి నుంచి వచ్చిందో అప్పుడు తెలిసింది. అనుమానం రాని పూట ఐదు నిమిషాల్లోనే ముగిసేది కాబోలు, ఈ పూట పాదాలు కడిగి లేచేసరికి పద్నాలుగు నిమిషాలు.

గడువు ఇరవై ఐదు నిమిషాలకు పెట్టాను. ఇరవై ఐదు నిమిషాలు నీళ్ళు పోయినా గడప దాటకూడదు కదా. ప్లంబర్ని మళ్ళీ పిలిచి, తూములో పేరుకున్న సబ్బు ముక్కలూ వెంట్రుకలూ తీయించి, గడప మీద ఒక వరస ఇటుక లేపించాను. అమ్మ కాలు తగలకుండా అంచు నున్నగా చెక్కించాను. కొళాయి పూర్తిగా తిప్పి, వాచీ పట్టుకుని కూర్చున్నాను. ఇరవై ఐదో నిమిషంలో నీళ్ళు ఆగాయి. గడప బయట బిళ్ళ పొడిగానే ఉంది. బడిలో ఉన్నా సరే, కబురు వస్తే వెంటనే వదినకు ఫోను చెయ్యాలని, వదిన దిగి అమ్మను చూడాలని ఒప్పందం చేసుకున్నాం.

నెల నిండవచ్చిన ఒక ఆదివారం. అన్న మూటలు దింపించుకోవడానికి కిందికి వచ్చాడు. అమ్మ నమాజు ముగించి తస్బీ పూసలు తిప్పుతూ మంచం మీద ఉంది. నా ఫోను మోగింది. వాల్వు మూసుకుంది. అన్నకు చూపించాను. ఆయన చదివి, గడప వైపు చూశాడు. వంగి మూటల కింద చెయ్యి పెట్టి తడిమాడు. పొడిగా ఉంది. మా ముఖాలు చూసి అమ్మ పూసలు ఆపింది.

"కొళాయి కట్టేసినానా, లేదా?"

ఆ గొంతులో మెట్ల కింది మగ్గు ఉంది. నేను నోరు తెరిచేలోపే అన్న, "కట్టేసినావమ్మా, నేను చూసినా గదా" అన్నాడు. అమ్మ పూసలు మళ్ళీ కదిలాయి. అన్న ఇటుకల గడప దాటి బాత్రూములోకి వెళ్ళి, తెరిచే ఉన్న కొళాయి పిడిని చప్పుడు కాకుండా తిప్పి, కట్టేసి వచ్చాడు.