మూగ మెట్టు

నరసాపురంలో మా చర్చి హార్మోనియానికి ఒక మెట్టు మూగది. నిషాదం, అంటే ‘ని’, నొక్కితే ఉత్త గాలి వచ్చేది. వాయించే ఆశీర్వాదం గారు దాన్ని వదిలేసి, ధైవతం మీంచి పై షడ్జమానికి, ‘ద’ నుంచి ‘స’కి, ఒక్క గెంతు గెంతేవారు. వెనకే క్వయిరంతా గెంతేది. ఆయన పక్కన కూర్చుని నేర్చుకున్న రాజ్ కుమార్ కూడా అలాగే గెంతేవాడు.

రాజ్ కుమార్ హైదరాబాద్ వెళ్లి మొదట సబ్బుల ప్రకటనలకు, తర్వాత టీవీ కార్యక్రమాలకు సంగీతం కట్టాడు. తొంభై తొమ్మిదిలో వాడి టీవీ సీరియల్ పాట ఊరంతా పట్టుకుంది. అందులోనూ అదే గెంతు.

ఆశీర్వాదం గారు రేవులో పంటు టికెట్లు ఇచ్చేవారు. గోదావరి దాటే ప్రతివాడి నోటా ఆ పాటే.

“ముందు చిల్లర తియ్యండి, తర్వాత పాడుకుందురు గాని!” అని కసురుకునేవారు.

ఇంట్లో సీరియల్ వేళకు టీవీ కట్టేసేవారు. పక్కింటి గోడ మీంచి వినిపించేది.

“మనవాడి పాటండీ,” అనేది భార్య రూతు.

“పాట వాడిదేంటి? ఆ గెంతు నాది.”

‘ఆశీర్వాదం అన్నయ్య దగ్గర నేర్చుకున్నాను’ అని వాడు ఒక్కసారి అంటే చాలు, ఆయన కడుపుమంట చల్లారేది. టీవీ ఇంటర్వ్యూలో వాడు హైదరాబాద్ వాళ్లందరి పేర్లూ చెప్పాడు. ఈయన పేరు లేదు.

ఆ తర్వాత వాడికి సినిమా వచ్చింది. వాడి పాటలో లేని స్వరం తన పాటలో ఉండాలని, ఆశీర్వాదం గారు రాజమండ్రి వెళ్లి ఆ మూగ మెట్టు పలికేలా హార్మోనియానికి కొత్త ఇత్తడి రీడు వేయించుకొచ్చారు. క్వయిర్ మాత్రం గెంతుతూనే ఉంది.

“ఏంటయ్యా ఈ కొత్త స్వరం, మధ్యలో అడ్డం పడుతోంది?” అని క్వయిర్‌లో పెద్దావిడ జ్ఞానమ్మ గారు విసుక్కున్నారు.

క్రిస్మస్ ప్రాక్టీసుకి రాజ్ కుమార్ వచ్చాడు. హార్మోనియం ముందు కూర్చోగానే గెంతాడు.

“ఏరా, నిషాదం బాగుచేయించాను, నొక్కు. అది పలక్కే కదా మనం గెంతింది?”

“పలికేది కాదా? నాకు గుర్తే లేదన్నయ్యా. ఈ గెంతు నా స్టైలు! ప్రొడ్యూసర్లు దీనికోసమే వస్తారు.”

అందరూ చప్పట్లు కొట్టారు.

మర్నాడు ఎవరూ లేనప్పుడు ఆశీర్వాదం గారు, ‘నా గెంతు నేనెందుకు మానాలి’ అనుకుని, హార్మోనియం మూత విప్పి, కొత్త రీడు పీకి జేబులో వేసుకున్నారు. పండగ రోజు ఎప్పటిలాగే గెంతారు. ఒక్క గొంతూ తడబడలేదు.

ఆరాధన కాగానే జ్ఞానమ్మ గారు ఆయన భుజం తట్టారు. “ఇప్పుడు బాగుందయ్యా! అచ్చం మన రాజ్ కుమార్‌లాగే వాయించావు.”

“వాడండీ నాలాగ వాయించేది!”

ఆయన అరిచేసరికే, జ్ఞానమ్మ గారితో సహా అందరూ కేకు దగ్గరికి వెళ్లిపోయారు.