అమ్మను అడగని మాట

హైకోర్టుకు వెళ్ళే రోజు అమ్మ ఇస్త్రీ చీర కట్టుకుంది. కైకలూరులో బస్సెక్కుతుంటే పక్కింటావిడ ఆటపట్టించింది.

“ఏం వదినా, పెళ్ళికా?”

“కోర్టుకమ్మా. ఇవాళ నన్ను మళ్ళీ అడుగుతారు,” అంది అమ్మ.

అక్కడ కాగితాలే చూస్తారు, సాక్షుల్ని అడగరని విజయవాడ పటమటలో ఉండే మా లాయరు గారు ముందే చెప్పారు. అమ్మ విన్నది కానీ నమ్మలేదు.

నాన్నను మా చేపల చెరువు గట్టు మీద పక్క చెరువు లీజుదారు కొట్టి చంపాడు. తెల్లవారకముందే చేపల పట్టుబడికి బయల్దేరిన వేళ అది. చూసింది అమ్మ ఒక్కతే. కింది కోర్టులో అవతలి లాయరు ఆమెను, “అప్పుడు కరెంటు ఉందా?” అని అడిగాడు.

“లేదండి.”

“షెడ్డు దగ్గర బల్బు?”

“వెలగట్లేదండి.”

అంతే. నాన్న తలకు కట్టుకున్న టార్చి సంగతి ఎవరూ అడగలేదు. పట్టుబడికి వెళ్ళేవాళ్ళంతా కట్టుకునేదే కాబట్టి, వేరే చెప్పాలని అమ్మకు తోచలేదు. ఆ వెలుగులోనే ఆమె వాడి ముఖం చూసింది. టార్చి తరవాత దొరకలేదు. చీకట్లో మనిషిని పోల్చడం అనుమానమేనని జడ్జిగారు వాణ్ణి వదిలేశారు.

హైకోర్టులో మేము వెనక వరసలో కూర్చున్నాం. మా లాయరు గారు టార్చి మాట ఎత్తగానే, అది సాక్ష్యంలో ఉందా అని అడిగారు పైనున్న ఇద్దరు జడ్జీల్లో ఒకరు. లేదని ఒప్పుకున్నారు ఈయన. ఉన్న సాక్ష్యాన్ని బట్టి కింది కోర్టు అలా అనుకోవడానికి వీలుంది, మాకు ఇంకోలా తోచినంత మాత్రాన విడుదలను రద్దు చేయలేం అన్నారు జడ్జీలు. అప్పీలు కొట్టేశారు. అంతా ఇంగ్లీషులోనే.

“నన్నెప్పుడు పిలుస్తారే?” అంది అమ్మ నా చెవిలో.

“అయిపోయిందమ్మా.”

బయట వరండాలో అమ్మ లాయరు గారి ముందు నిలబడింది.

“వాడు చంపలేదన్నారాండీ?”

“అలా అనలేదమ్మా. కింది జడ్జిగారు అలా అనుకోవడంలో తప్పు లేదన్నారు.”

“మరి వీళ్ళేమనుకున్నారు?”

“అదిక్కడ అక్కర్లేదమ్మా,” అన్నారాయన. ఆయన ముఖం కూడా బాగాలేదు.

ఆటోలో కరకట్ట మీదుగా విజయవాడ బస్టాండుకు వచ్చాం. నాకు ఏడుపొస్తుందేమోనని చూశాను, రాలేదు. ఆకలి కూడా లేదు. ప్రతి చిన్న సంగతీ డైరీలో రాసుకునేదాన్ని, ఆ రోజుకు తేదీ వేసి ఊరుకున్నాను.

బస్సు గన్నవరం దాటాక అమ్మ కొంగు సర్దుకుని నిటారుగా కూర్చుంది.

“అయ్యా, మా ఆయన తలకి లైటుందండి,” అంది, నా వైపు చూస్తూ. “ఆయన వాడి వైపు తిరిగాడండి. తిరిగితే వెలుగు వాడి మీద పడిందండి.”

ముందు సీటతను వెనక్కి తిరిగి చూశాడు. ఇంకెప్పుడైనా అయితే సిగ్గుతో చచ్చిపోయేదాన్ని.

“ముఖం బాగా కనిపించిందా?” అని అడిగాను.

“కనిపించిందండీ,” అంది అమ్మ.