బాపు నిలబడ్డ వైపు

మొన్న ఆదివారం మనవరాలి పుట్టినరోజని మా అమ్మాయి అందరినీ ఒక పెద్ద మాల్‌కు తీసుకెళ్లింది. అక్కడ పై అంతస్తులో పిల్లలు ఎగిరి దూకడానికి ట్రాంపొలిన్లు పరిచిన హాలు ఉంది. చుట్టూ వలలు, మూలన స్పంజి దిమ్మెలు, చెవులు హోరెత్తే పాటలు. పిల్లలు ఎగురుతుంటే పెద్దవాళ్లు బెంచీల మీద కూర్చుని ఫోన్లు చూసుకుంటున్నారు. నాకు మాత్రం కూర్చోబుద్ధి కాక వల పక్కన నిలబడ్డాను. కాసేపటికి అక్కడ పనిచేసే అమ్మాయి వచ్చి, "ఆంటీ, నెట్ ఉంది కదా, ఏం కాదు, మీరు కూసోండ్రి" అన్నాక గాని చూసుకోలేదు, నా రెండు చేతులూ ముందుకు చాపి ఉన్నాయి. సిగ్గేసి దించేశాను. అవి అలా ఎందుకు లేచాయో చెప్పాలంటే మా లాల్‌దర్వాజా పేట రోజుల నుంచి ఎత్తుకోవాలి. ఆ పాటల హోరులో ఆ పిల్లకేం చెబుతాను, మీకైతే తీరిగ్గా చెప్పుకోవచ్చు.

ఇప్పుడు మోకాళ్లు పట్టుకుని మెట్లెక్కే నన్ను చూసి ఎవరూ నమ్మరు గాని, ఒకప్పుడు నేను ట్రాంపొలిన్ క్రీడాకారిణిని. ఏదో సరదాకి కాదు, రాష్ట్రం తరఫున ఆడి జాతీయ పోటీల్లో పతకాలు తెచ్చుకున్నదాన్ని. మా పేటలో పాత తాలీంఖానా ఒకటి, అంటే కుస్తీ నేర్పే రేకుల షెడ్డు ఉండేది. అక్కడి ఉస్తాద్ ఒక పక్క పహిల్వాన్లను తయారుచేస్తూనే మరో పక్క మాలాంటి పిల్లలకు జిమ్నాస్టిక్స్ నేర్పేవారు. ఎక్కడో చోటు చాలక మూల పడేసిన ట్రాంపొలిన్ ఉందని తెలిసి, ఎవరెవరినో బతిమాలి దాన్ని లారీలో తెప్పించుకున్నారు. మొదటిసారి చూసిన మా అమ్మ, ఇంత పెద్ద నవారు మంచం మీద ఎగరడానికా పిల్లను పంపేది అని నవ్వింది. ఆమె అన్నది నిజమే, ఇనుప చట్రం, చుట్టూ స్ప్రింగులు, మధ్యలో నైలాను పట్టీలతో అల్లిన పరుపు, అచ్చం మంచంలాగే ఉండేది. పట్టీ తెగితే బేగంబజార్ నుంచి గట్టి నవారు తెచ్చి ఉస్తాదే కుట్టుకునేవారు. స్ప్రింగుల మీద కప్పడానికి గోనెసంచుల్లో దూది కుక్కి కుట్టిచ్చింది మాత్రం మా అమ్మే, అదీ రోజంతా గొణుక్కుంటూ.

ఆ షెడ్డుతో మాకు ఒకటే చిక్కు. ట్రాంపొలిన్‌కు కుడిపక్కన, పైన, ఒక ఇనుప దూలం అడ్డంగా పోయేది. ట్రాంపొలిన్‌ను ఎడమకు జరుపుదామంటే అటు కుస్తీ పట్టే మట్టి, అందులో జానెడు చోటు వదలడానికి కూడా పహిల్వాన్లు ఒప్పుకోలేదు. నేను చిన్నదాన్నిగా ఉన్నప్పుడు ఫికర్ లేదు గాని, బలం వచ్చి ఎత్తుకు ఎగరడం మొదలయ్యాక, తల ఎక్కడ దూలానికి తగులుతుందోనని నా ఒళ్లు తనంతట తానే ఎడమకు జరిగేది.

అప్పట్లో ఈ వలలు లేవు. ఎగిరేవాళ్లు బయట పడకుండా నాలుగు పక్కలా మనుషులు చేతులెత్తి నిలబడేవారు. నిలబడడమంటే ఊరికే కాదు. పక్కవాడితో మాట్లాడకూడదు, చూపు తిప్పకూడదు, అంచుకు వచ్చిన మనిషిని భుజం మీద చెయ్యి వేసి మళ్లీ పరుపు మీదకు నెట్టాలి. నాకు ఎడమవైపు ఎప్పుడూ మా బాపే, అంటే మా నాన్నే. కంచన్‌బాగ్‌లో కర్మాగారంలో పని, కొలిమి వేడికి మొహం కందిపోయి ఉండేది. షిఫ్టు దిగి సైకిల్ మీద నేరుగా షెడ్డుకే వచ్చి, చెప్పులు విడిచి, గుడిలోకి వచ్చినవాడిలా నిలబడేవాడు. "నువ్వు మీదికి చూడు బిడ్డా, ఇటు దిక్కు నేనున్న" అనేవాడు. నేను ఎడమకు జరగడం, బాపు చెయ్యి నా భుజం మీద పడడం, నేను మధ్యకు వచ్చి మళ్లీ ఎగరడం, ఇది మా ఇద్దరికీ ఊపిరి తీసుకున్నంత అలవాటైపోయింది.

ఉస్తాద్‌కు మాత్రం ఇది నచ్చేది కాదు. ఎందుకంటే పోటీలో పక్కన నిలబడ్డ మనిషి చెయ్యి తగిలిందంటే ఆట అక్కడితో ఆగిపోయినట్టే, తరువాత ఎంత బాగా ఎగిరినా లెక్కలోకి రాదు. "ఆదత్ ఖరాబ్ అయితుంది బేటీ, అలవాటు చెడుతది" అని నన్ను, "హాథ్ పీఛే పెట్టు భాయ్, చెయ్యి ఎన్కకు" అని బాపును రోజూ కోప్పడేవారు. బాపు తల ఊపేవాడు, మళ్లీ నేను అంచుకు రాగానే ఆ చెయ్యి వచ్చేసేది.

ఇంతలో భారత జట్టుకు ఎంపిక పోటీ వచ్చింది. విదేశంలో జరిగే పోటీకి అమ్మాయిల్లో ఒక్కరినే పంపుతారు. మా పేటలో అంతా నేనే పోతానని అనుకున్నారు, పహిల్వాన్లయితే నాకు అప్పుడే పూలదండ కూడా వేసేశారు. ఉత్తరాదిన ఏదో ఊళ్లో పెద్ద స్టేడియం. ఉస్తాద్ ఒక పక్క, మా వాళ్లలో ఇంకొకరు నిలబడవచ్చంటే సెలవు పెట్టి వచ్చిన బాపు ఎడమ పక్క నిలబడ్డారు. తల ఎత్తి చూస్తే కప్పు ఆకాశమంత ఎత్తున ఉంది, ఎక్కడా అడ్డు లేదు. ఆగకుండా వరసగా పది విన్యాసాలు చేయాలి. ఒక్కొక్కటి అవుతుంటే ఒళ్లు తేలికైపోయి, నా జన్మలో ఎప్పుడూ ఎగరనంత ఎత్తుకు ఎగిరాను.

చివరిదానికి ముందు విన్యాసంలో ఎడమకు జరిగాను. దూలం లేదని కళ్లకు తెలుసు, ఒంటికి తెలియదు. కిందకు వస్తూ పరుపు అంచును చూశాను, కాళ్లు ఎక్కడ ఆనాలో నాకు తెలుసు. అప్పుడే నా భుజం మీద చెయ్యి పడింది. నిజం చెప్పాలంటే ఆ క్షణంలో నాకు హాయిగా అనిపించింది, ఇంట్లో ఉన్నట్టే. మధ్యకు వచ్చి ఆఖరి ఎగురు ఎగరబోతుంటే, న్యాయనిర్ణేత చెయ్యి ఎత్తి ఆపమన్నాడు. బాపుకు ఏం జరిగిందో ఇంకా అర్థం కాలేదు, ఆయన చేతులు ఎత్తే ఉన్నాయి.

వేరే రాష్ట్రం అమ్మాయిని ఎంపిక చేశారు. తిరుగు రైల్లో బాపు సీట్లో కూర్చోలేదు, తలుపు దగ్గరే నిలబడ్డాడు. నేను వెళ్లి అన్నం తిందువుగాని రమ్మంటే, నా మొహం చూడకుండా, "చేతులు ఆగలే బిడ్డా" అన్నాడు. అంతే, ఆ సంగతి మళ్లీ మా మధ్య రాలేదు. నాకు కోపం లేదంటే అబద్ధం. అంతకు మించి ఆయన మొహం చూడలేక ఏడుపు వచ్చింది.

ఉస్తాద్ అబద్ధమాడే మనిషి కాదు. ఆయనను నేను అడిగాను, ఆ చెయ్యి తగలకపోతే నా కాళ్లు లోపల పడేవా, బయట పడేవా అని. కుడుతున్న నవారు పక్కన పెట్టి, దారమంతా ఉండ చుట్టాక, "లోపలనే పడుతుండె బేటీ" అన్నారు. ఆ వారంలోనే బాపు కూడా షెడ్డు గుమ్మం దగ్గర నిలబడి అదే మాట అడిగాడు. నేను లోపల కాళ్లకు పట్టీలు చుట్టుకుంటూ విన్నాను. ఉస్తాద్ ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "బయటనే పడుతుండె భాయ్. మెడ ఇరిగిపోతుండె. పిల్లను నువ్వే బచాయించినవ్" అన్నారు. బాపు ఆ గుమ్మంలోనే కూలబడి తువ్వాలు మొహాన కప్పుకున్నాడు. నేను ఆ మాట కాదనలేదు, ఆయన పోయేదాకా కాదనలేదు.

బాపు మళ్లీ ఎప్పుడూ ఎడమవైపు నిలబడలేదు. ఆ చోటుకు ఒక పహిల్వాన్ వచ్చాడు, మంచివాడే, గట్టివాడే. విచిత్రమేమంటే, అటు బాపు లేడని తెలిశాక నా ఒళ్లు ఎడమకు జరగడం మానేసింది. అంత తిన్నగా ఎగిరినా మునుపటి ఎత్తు రాలేదు. మరి కొన్నేళ్లు పతకాలు వచ్చాయి గాని జట్టులో చోటు రాలేదు. తరువాత మోకాలు పోయింది, క్రీడల కోటాలో నయాపూల్ దగ్గరి ఆఫీసులో ఉద్యోగం వచ్చింది, పెళ్లయింది. షెడ్డు ఉన్నచోట ఇప్పుడు ఫంక్షన్ హాలు వెలిసింది. ఒకసారి పెళ్లికి వెళ్లి, భోజనం దగ్గర కూర్చుని, ఆ దూలం ఎక్కడుండేదా అని పైకి చూస్తూ ఉండిపోయాను.

మా కాలమే గొప్పదని నేననను. వలలు మంచివే, ఎవరి చెయ్యీ తగలకుండా పిల్లలు ఎంతయినా ఎగరవచ్చు, పడ్డా దెబ్బ తగలదు, ఎవరి కొంపా మునగదు. కాకపోతే ఇప్పుడు ఎవరూ పక్కన నిలబడనక్కర లేదు. ఒక పిల్ల ఎగురుతున్నంతసేపూ రెప్ప వేయకుండా ఆ పిల్లనే చూడడం ఒక మనిషికి పనిగా ఉండేదంటే, ఆ బెంచీల మీది వాళ్లకు వింతగా ఉంటుంది.

ఆట అయ్యాక మనవరాలు చెమటలతో పరిగెత్తుకొచ్చి, "నెట్ ఉంది కదా అమ్మమ్మా, నువ్వెందుకు చేతులు పెట్టినవ్?" అని అడిగింది. అది చూస్తూనే ఉందన్నమాట. దాని మొహం కొంగుతో తుడుస్తూ, "చేతులు ఆగలే బిడ్డా" అన్నాను.