జంట తుమ్ములు

మా కేసు ఇంకా హైకోర్టులోనే ఉంది. దాని మాటెత్తితే నాకు ముందు గుర్తొచ్చేది ఒక తుమ్ము.

గుంటూరు మిర్చి యార్డు దాటుతుంటే బస్సంతా ఒకటే దగ్గులు. పక్క సీటాయన అడిగితే నా గోడు చెప్పాను.

"యూనివర్సిటీ లెక్చరర్ పోస్టుకి పెట్టుకున్నానండి. నాకు పీహెచ్‌డీ ఉంది, నెట్ పరీక్ష పాసవలేదు. మాలాంటివాళ్లకి అర్హత లేదని నెట్ పాసైనవాళ్లు కోర్టుకెక్కారు. అయినా గెలుపు మాదేనండి!"

సరిగ్గా అప్పుడే ఆయన తుమ్మారు. ఒంటి తుమ్ము! నా మొహం వాడిపోయింది.

అది చూసి ఆయన కిటికీ అద్దం జరిపి, ఆ ఘాటు గాలిని గట్టిగా పీల్చి, మళ్లీ తుమ్మారు.

"జంట తుమ్ములు శుభమండి," అన్నారు కళ్లు తుడుచుకుంటూ.

చిలకలూరిపేటలో దిగబోతూ నా వైపు వంగారు.

"ఆ కోర్టుకెక్కినవాళ్లలో నేనూ ఉన్నానండి. మా లాయరుకి మాత్రం చెప్పకండి."