తొందరపడి చెప్పిన సాక్ష్యం

నా ముక్కు పక్కన, ఎడమ కంటికి కాస్త దిగువన, మిరియపు గింజంత నల్లటి బొడిపె వచ్చింది. పుట్టుమచ్చ అనుకున్నాను. అరవై రెండేళ్ళకి పుట్టుమచ్చ పుట్టడమేమిటని నా భార్య అడిగితే, దేవుని కార్యాలకు వయసుతో పనిలేదన్నాను. బడిలో లెక్కలు చెప్పి రిటైరైనవాణ్ణి, సంఘంలో పెద్దని. ముప్ఫై ఏళ్ళపాటు సెలవు దొరికినప్పుడల్లా చీపురుపల్లి చుట్టుపక్కల ఊళ్ళలో ఎండలో నిలబడి సువార్త చెప్పాను. తలకి తువ్వాలు కూడా చుట్టేవాణ్ణి కాదు. చుడితే విశ్వాసం తక్కువైనట్టు కనబడుతుందని నా భయం. ఎండకి ఆ లెక్కలేమీ తెలియవు.

కొన్నాళ్ళకి బొడిపె మధ్యలో గుంట పడింది. ముఖం తుడుచుకుంటే రక్తం అంటేది. పొక్కు కట్టేది, రాలిపోయేది, మళ్ళీ కట్టేది. నొప్పి లేదు. నొప్పి లేనిది జబ్బే కాదని మా ఇంట్లో తాతలనాటి సిద్ధాంతం.

ఒక శుక్రవారం ఉపవాస ప్రార్థనలో పాస్టరుగారు బొడిపె మీద నూనె రాసి ప్రార్థించారు. ఆమేన్ అయ్యాక, "ఓసారి విజయనగరం ఎల్లి డాక్టరుకి సూపించుకోండి మేస్టారూ" అని కూడా అన్నారు. నేను ఆమేన్ వరకే విన్నాను. మర్నాడు పొద్దున్న ముఖం కడుక్కుంటుంటే పొక్కు రాలిపోయింది. అడుగున లేత చర్మం. అద్దం ముందే స్తోత్రం చెప్పుకున్నాను.

మా సంఘంలో ఆదివారం ఆరాధన నడుమ సాక్ష్యాలు చెప్తారు. మేలు పొందినవాళ్ళు లేచి రెండు మాటలు చెప్పి కూర్చుంటారు. నేను మైకు పట్టుకుని ఇరవై నిమిషాలు చెప్పాను. బొడిపె నా నోట్లో పెరిగి పెద్దదైంది. "క్యాన్సరేమోనని కొందరు నన్ను భయపెట్టారు" అన్నాను. నిజానికి ఎవరూ భయపెట్టలేదు. సాక్ష్యానికి కాస్త బరువుంటే బాగుంటుందని కలిపాను. అందరూ చప్పట్లు కొట్టారు. ఆడవాళ్ళ వైపు నా భార్య మాత్రం ముసుగు సర్దుకుంటూ ఉండిపోయింది.

మూడు వారాలకి పొక్కు తిరిగి వచ్చింది, మునుపటికంటే వెడల్పుగా. ఇప్పుడు డాక్టరు దగ్గరికి వెళ్తే చెప్పిన సాక్ష్యం ఏమవుతుంది? ఆదివారం వస్తే దాని మీద ప్లాస్టరు ముక్క అంటించుకుని, గడ్డం గీసుకుంటే తెగిందని చెప్పేవాణ్ణి. అలా కొన్ని నెలలు గడిపాను.

"ఏటండీ, వారం వారం అక్కడే తెగుతాదేటి?" అంది నా భార్య చివరికి. "కంటి కింద గెడ్డం మీకు తప్ప ఇంకెవులికైనా ఉంటాదా?"

"నేనిప్పుడు ఆస్పత్రికి వెళ్తే దేవుడు అబద్ధికుడైపోడా?"

"ఆయనెందుకవుతాడు? మైకు ఆయన పట్టుకున్నాడేటి?"

నేను నోరు తెరిచేలోపు మళ్ళీ అంది: "సర్మం మీద మచ్చొస్తే యాజకుడికి సూపించాల, ఏడు రోజులాగి మళ్ళీ సూపించాల, అని బైబిల్లో ధర్మశాస్త్రం సెప్పినాది. అందరికీ పాఠం సెప్పింది మీరే. మీరు ఒక్క రోజు ఆగనేకపోనారు."

మర్నాడే విజయనగరం వెళ్ళాం. డాక్టరమ్మ భూతద్దంతో చూసి, సూది వేసి, చిన్న ముక్క తీసి పరీక్షకి పంపింది. రిపోర్టు వచ్చేదాకా నేను పెద్దగా ప్రార్థన కూడా చేయలేదు, ఏ మాట కలుపుతానోనని.

రిపోర్టులో బేసల్ సెల్ కార్సినోమా అని ఉంది. నేను చెప్పిన సాక్ష్యంలో నిజమని తేలింది కలిపిన ఆ ఒక్క మాటే.

"చర్మ క్యాన్సరే, కానీ కంగారు పడకండి" అంది డాక్టరమ్మ. "నెమ్మదిగా పెరిగే రకం. ఒంట్లో ఇంకోచోటికి పాకడం చాలా అరుదు. కానీ వదిలేస్తే ఉన్నచోటే లోపలికి తినుకుంటూ పోతుంది. మీకు కంటి పక్కనే ఉంది."

"మధ్యలో మానిపోయింది కదమ్మా?"

"మానినట్టు కనిపించి మళ్ళీ రావడమే దీని తీరు. మన రంగువాళ్ళకి తక్కువే, వస్తే చాలాసార్లు నల్లగా ఉంటుంది, పుట్టుమచ్చ అనుకుంటారు. ఇంతకీ ఇన్ని నెలలు ఎందుకు ఆగారు?"

"సాక్ష్యం సెప్పీసేరమ్మా" అంది నా భార్య. డాక్టరమ్మకి అర్థం కాలేదు.

ఆ చోటు మొద్దుబార్చి, చుట్టూ కాస్త మంచి చర్మంతో సహా కోసి తీసేశారు. చెంప చర్మం లాగి కుట్టారు. అంచుల్లో ఏమీ మిగల్లేదని తర్వాత రిపోర్టు వచ్చింది. కన్ను దక్కింది.

ఆపరేషన్ తర్వాతి ఆదివారం కుట్లు మానని ముఖంతో లేచి నిలబడ్డాను. దేవుడు ముగించకముందే ముగిసిందని నేను ప్రకటించానని చెప్పాను. క్యాన్సరని ఎవరూ భయపెట్టలేదని, అది నా కల్పన అని కూడా చెప్పాను. రెండు నిమిషాలు పట్టింది. చప్పట్లు లేవు.

ఆరాధన అయ్యాక, ఎప్పుడూ వెనక వరసలో కూర్చునే ముసలావిడ నన్ను పక్కకి పిలిచింది. చీర కుచ్చెళ్ళు కాస్త పైకి పట్టుకుంది. పిక్క మీద పాత కాలిన మచ్చ, దాని నడుమ పచ్చి పుండు.

"ఆనాడు మీ సాక్ష్యం ఇన్నప్పటినుంచీ దీనికి నూనె రాస్తన్నాను బాబూ. మీకు ఒక్క రోజులో తగ్గిపోనాది, నాకు తగ్గనేదు. నా విశ్వాసంలోనే ఏటో లోపముందని ఏడుసుకుంతన్నాను."

నా కంటి గురించి అన్ని నెలలు భయపడ్డాను గానీ, ఆ పిక్క గురించి ఒక్కరోజూ ఆలోచించలేదు. నా ఇరవై నిమిషాలు ఎవరు వింటున్నారో చూడలేదు.

మంగళవారం ఆవిణ్ణి చీపురుపల్లి స్టేషనులో విజయనగరం రైలెక్కించి, పక్కన కూర్చున్నాను. దారిపొడవునా ఆవిడ ఒకటే అడిగింది: "ఇన్నాళ్ళు ఆగీసేనని డాక్టరమ్మ తిడతాదేటి బాబూ?"

"తిడితే మీరు మాట్లాడకండి" అన్నాను. "ఆ తిట్లు నావి."