ముందన్నది ముందు వినపడాలి

చల్లపల్లి అక్కయ్యగారూ, మీ మోకాళ్లు ఎలా ఉన్నాయండీ? చెరువు గట్టు పిల్లలూ, తలల మీద కుట్లు మానుతున్నాయా? డిపో వాళ్లూ, విరిగిన చెయ్యి అతుక్కుంటోందా? అడక్కుండా ఉండలేను, నా బుద్ధే అంత. మా మరిది పోయాడు. పోయిన బుధవారం హనుమాన్ జంక్షన్ ఐసు డిపోలో, చేపల వేలంపాట మీద గొడవైతే ఆపబోయాడు. ఐసు పగలగొట్టే గడ్డపార తలకు తగిలింది. ఆసుపత్రికి చేరేలోపే ప్రాణం పోయింది.

తెలియనివాళ్ల కోసం చెబుతాను. కొన్నేళ్లుగా ఆ పాట మా మరిది చేతిమీదుగా కంప్యూటర్ల మీద సాగుతోంది. గట్టు మీది కొట్టులో కొందరు, డిపోలో కొందరు హెడ్‌ఫోన్లు పెట్టుకుని ధర అరుస్తారు. మొదట్లో వాడిన సాఫ్ట్‌వేర్‌లో గట్టు వాళ్ల మాట ఏ దేశమో వెళ్లి తిరిగి వచ్చేసరికి ఆలస్యమయ్యేది. ముందన్నవాడు వెనకబడేవాడు. ఒకసారి గట్టు వాళ్లు వ్యాను వేసుకొచ్చి డిపో మీద పడ్డారు. ఒకతని వేళ్లు తెగి ఐసులో పడ్డాయి. ఆ ఎర్రటి ఐసు కరిగి కాలవలోకి పోవడం చూసొచ్చి మా మరిది అన్నం ముట్టలేదు.

తర్వాత పటమటలో మా ఇంట్లో ముందుగదిలో ఒక కంప్యూటరు, వంటింట్లో ఒకటి పెట్టి రకరకాల సాఫ్ట్‌వేర్లు పరీక్షించాడు.

“చప్పట్లు కొట్టు వదినా.”

“పోపు మాడుతోందయ్యా.”

“మాడనీ. గోడవతలి చప్పుడూ నా చెవిలో చప్పుడూ కలవాలి.”

ఒకదాంట్లో గొంతు తియ్యగా ఉండేది గానీ ఆలస్యం. ఇంకోటి గరగర, కానీ వెంటనే. గరగరదాన్నే ఎంచుకుని, మా ఇంట్లో కంప్యూటరు మీదే నడిపాడు. “గొంతు బాగోకపోయినా పర్లేదు వదినా, ముందన్నది ముందు వినపడాలి” అనేవాడు. రోజూ దాని దుమ్ము తుడిచి, పాటకు ముందు రెండు వైపులా చప్పట్లు కొట్టించేవాడు. చప్పట్లు కలిస్తేనే పాట.

బుధవారం ఆ కంప్యూటర్ని రిపేరుకిచ్చి, ఈపూట పాట వద్దని చెప్పడానికి తనే వెళ్లాడు. చేరేసరికే, చేపలు పాడైపోతాయని పాత సాఫ్ట్‌వేర్ మీద పాట కానిచ్చేశారు. మళ్లీ అదే ఆలస్యం, అదే వ్యాను, కత్తులు. తను మధ్యలోకి వెళ్లాడు.

కంప్యూటరు బాగై ఇంటికొచ్చింది. దాన్ని ఆపొద్దని మా తోడికోడలు ఏడ్చింది. అందులో మీ మాటలన్నీ నాకు వినపడుతున్నాయి.

“ఒక్కొక్కడి పీక కోస్తాం.”

“రండ్రా, ఐసులో పాతేస్తాం.”

ఒక్క క్షణం ఆలస్యం లేదు. అంత బాగా పెట్టాడు మా మరిది. వైరు పీకేద్దామని పట్టుకున్నాను. పీకేస్తే మీరెప్పుడు బయల్దేరతారో కూడా తెలియదు కదా అని వదిలేశాను.

నిన్న పొద్దున మైకు దగ్గర కూర్చుని చప్పట్లు కొట్టాను. తిట్లు ఆగిపోయాయి. చాలాసేపటికి గట్టు మీద ఒకరు, డిపోలో ఒకరు కొట్టారు. రెండూ కలిసే వినపడ్డాయి.

పెద్దకర్మకు రెండు వైపులవాళ్లూ రండి. కత్తులూ గడ్డపారలూ అక్కడే వదిలెయ్యండి. వ్యానులో మరీ కిక్కిరిసి ఎక్కకండి, నాకు భయం. వచ్చే ఆదివారం, మా ఇంట్లోనే, పొద్దున ఎనిమిదింటికి.